పాడె లేచేదాకా

తొమ్మిదేళ్లు సినిమాలకు నేపథ్య సంగీతం చేశాను. తెర మీద మాత్రం వేరేవాళ్ల పేర్లు పడేవి. సొమ్మొకడిది, సోకొకడిది. కర్మన్‌ఘాట్‌లో కిరాయి గది, గోడలకు స్పాంజి, ఒక కీబోర్డు, రెండు స్పీకర్లు, అదే నా స్టూడియో. పైవాటావాళ్లు మిక్సీ ఎప్పుడు వేస్తారో కనుక్కుని రికార్డింగు పెట్టుకునేవాణ్ని.

మా నాన్నది బ్యాండు మేళం. నల్లగొండ దగ్గరి ఊరి నుంచి కొత్తపేటకు వచ్చి ముప్పై ఏళ్లు క్లారినెట్ వాయించాడు. పెళ్లికీ ఆయనే, చావుకీ ఆయనే. నా పని ఆయనకు అంతు పట్టేది కాదు.

"పాట కాదంటవు, మాట కాదంటవు. మరి చేసేదేందిరా?" అనేవాడు.

చివరికి నా పేరుతో ఒక సినిమా వచ్చింది. అందులో తల్లి చనిపోయే సీను ఉంది. దర్శకుడు ఎడిటింగప్పుడు ఎక్కడిదో వయొలిన్ల ముక్క అక్కడ అతికించుకుని, వినీ వినీ దానికి అలవాటు పడ్డాడు. ఈ వృత్తిలో ఇది పాత జబ్బే. అచ్చం అలాంటిదే కావాలన్నాడు. మూడు రకాలు చేశాను. మూడూ దొంగ ఏడుపులాగే ఉన్నాయి.

నాన్నకు ల్యాప్‌టాప్‌లో సీను చూపించాను. వయొలిన్లు మొదలవగానే చెయ్యెత్తి ఆపమన్నాడు.

"పాణం పోంగనే ఎవడన్న వాయిస్తడారా? గప్పుడు ఇంటోళ్లు ఏడ్వాలె. మేం బయట నిలబడుతుంటిమి. పాడె లేసినంకనే మేళం."

సంగీతమంతా తీసేశాను. ఏడుపులు, ఫ్యాను చప్పుడు, అంతే. పాడె లేచాక ఒక్క క్లారినెట్. పళ్లు కదులుతున్నా నాన్నే వాయించాడు.

"బాగుందండీ, కొత్తగా ఉంది" అన్నాడు దర్శకుడు. నమ్మాను. నాది తెలివితక్కువే.

విడుదల రోజు దిల్‌సుఖ్‌నగర్‌లో పొద్దుటి ఆటకు నాన్నను తీసుకెళ్లాను. ఆయనకు చదువు రాదు. నా పేరు పడగానే వేలితో చూపించాను. నా మోకాలి మీద చెయ్యి వేసి అలాగే ఉంచాడు.

తల్లి చనిపోయింది. వెంటనే వయొలిన్లు మొదలయ్యాయి. ఆఖరి మిక్సింగులో దర్శకుడు తన ముక్క తిరిగి పెట్టేసుకున్నాడు, నాకు చెప్పలేదు. పాడె లేచినప్పుడు నాన్న క్లారినెట్ వచ్చింది గానీ, అప్పటికే హాలంతా ఏడ్చి ముక్కులు తుడుచుకుంటోంది. నాన్న నా మోకాలి మీంచి చెయ్యి తీసేశాడు. నాకు సిగ్గేసింది.

బయట మెట్రో స్తంభం నీడలో ఆటో కోసం నిలబడ్డాం.

"పేరు పడ్డది, మంచిదే. గని జర ఆగకపోతివి బిడ్డా" అన్నాడు.

అది నేను పెట్టింది కాదని చెప్పొచ్చు. చెబితే, రెండు గంటల కింద వేలితో చూపించిన ఆ పేరు కూడా సగమే నాదని చెప్పాలి.

"అవు నాయినా, తొందరపడ్డ" అన్నాను.