అడిగిన ధర ఇచ్చేసిన రోజు

మా నాన్నది సూర్యాపేటలో కిరాణా కొట్టు. చుట్టూ అన్నీ చీరల కొట్లే కాబట్టి నాకు అక్షరాలకన్నా ముందు బేరం వచ్చింది. చీర నచ్చినట్టు ముఖంలో కనబడకూడదు. ధర చెప్పగానే కోప్పడకూడదు, చెప్పినవాణ్ణి జాలిగా చూడాలి. ఆఖరున లేచి గుమ్మం దాకా వెళ్లి చెప్పులు తొడుక్కోవాలి, అదీ చాలా నిదానంగా. వెనక్కి పిలవడానికి వాళ్లకూ కాస్త సమయం కావాలి కదా! పెళ్లయి మిర్యాలగూడ వచ్చాక కూడా మావాళ్లు ఎవరు చీరలు కొన్నా నన్ను వెంటబెట్టుకుని వెళ్లేవారు. కోదాడలో ఉండే మా చెల్లెలైతే నేను లేకుండా జాకెట్ ముక్క కూడా కొనేది కాదు.

అలాంటిదాన్ని రెండేళ్ల కింద కడుపు లొంగదీసింది. పొద్దున లేస్తే మెలిపెట్టే నొప్పి, వరసగా నాలుగుసార్లు బాత్రూం. తర్వాత రెండు రోజులు అసలే రాదు, పొట్ట రాయిలా బిగుసుకుంటుంది. స్కానింగ్ చేశారు, రక్తం చూశారు, గొట్టం వేసి కూడా చూశారు. అన్నీ నార్మల్. "ఏం లేదట" అని ఇంట్లో అందరూ సంతోషించారు. ఏమీ లేనిదానికి ఇంత నొప్పేమిటో నాకే అర్థం కాలేదు.

బస్సెక్కడం మానేశాను. వేములపల్లి దాటకముందే అవసరం వస్తే డ్రైవర్‌కి ఏమని చెప్పను? ఫంక్షన్లు మానేశాను. అడిగినవాళ్లకు మోకాళ్ల నొప్పులని చెప్పేదాన్ని. మోకాళ్లది మర్యాదస్తుల జబ్బు, నలుగురిలో చెప్పుకోవచ్చు. మెల్లగా నిద్ర కరువైంది, ఆకలి పోయింది. బియ్యం ఏరుతూ ఏరుతూ ఎందుకో తెలియకుండా ఏడ్చేదాన్ని.

అప్పుడే మా చెల్లెలు వాళ్ల అత్తగారికి చీర కొనాలని కారేసుకుని వచ్చి, నన్ను బలవంతంగా సూర్యాపేట తీసుకెళ్లింది. ఆ కొట్టాయన మా నాన్న స్నేహితుడు, చిన్నప్పటి నుంచీ నాకు కాకా. చీర విప్పి ధర చెప్పాడు.

"సరే, కట్టియ్యి కాకా" అన్నాను.

ఆయన చేతిలో మడత అలాగే ఆగిపోయింది. "ఏంది బిడ్డా, గది మొదటి మాట! నేను నీకోసమని పెంచి చెప్పిన."

"పర్వాలేదు."

"రెండొందలు నేనే తగ్గిస్త. జర తిట్టు తల్లీ, నాకు భయమైతాంది."

నా ధ్యాసంతా ఇంటికెప్పుడు చేరతానా అనే. కారులో చెల్లెలు చీర కవరు పక్కన పడేసింది. "నీకు మోకాళ్లు కాదక్కా. నిజం చెప్పు" అంది. చెప్పాను. అంతా విని, "నా దగ్గర కూడా సిగ్గేనా?" అంది.

మర్నాడు మిర్యాలగూడలోనే ఒక డాక్టరమ్మ దగ్గర కూర్చోబెట్టింది. ఆమె కడుపు సంగతి వివరంగా అడిగి, "ఇష్టమైన పని చేసి ఎన్ని దినాలైంది?" అంది. చెల్లెలే చెప్పింది: "మేడం, నిన్న చీరకు అడిగినంత ఇచ్చేసింది."

డాక్టరమ్మ నవ్వలేదు. కాగితం మీద రాసుకుంది.

"రిపోర్టులు నార్మలైతే జబ్బు లేనట్టు కాదమ్మా. దీన్ని ఐబీఎస్ అంటరు. కడుపులో నరాలు, మెదడు ఎప్పుడూ మాట్లాడుకుంటనే ఉంటయి. కడుపు సతాయిస్తే మనసు కుంగుతది, మనసు కుంగితే కడుపు ఇంకా సతాయిస్తది. మీకు డిప్రెషన్ కూడా ఉంది. రెండింటికీ చూద్దాం."

"కడుపు మందు రాయండి. మనసుది తీసెయ్యండి."

"కుదరదు."

"పోనీ, సగం?"

"గిది చీరల దుకాణం కాదమ్మా."

నేను లేచి గుమ్మం దాకా వెళ్లి చెప్పులు తొడుక్కున్నాను, నిదానంగా. డాక్టరమ్మ వెనక్కి పిలవలేదు. జీవితంలో మొదటిసారి నా ఎత్తు పారలేదు. చెల్లెలే వచ్చి, చెయ్యి పట్టుకుని మళ్లీ కుర్చీలో కూర్చోబెట్టింది.

మాత్రలు వేసుకున్నాను. ఏం తింటే ఏమవుతుందో పుస్తకంలో రాశాను. వారానికోసారి ఒక కౌన్సెలర్ ముందు కూర్చుని, ఎవరికీ చెప్పనివి చెప్పాను. పూర్తిగా పోయిందని అబద్ధం ఆడను. కొన్ని పొద్దులు ఇంకా కడుపుదే పైచేయి. కాకపోతే బియ్యం ఏరేటప్పుడు ఇప్పుడు రాళ్లు మాత్రమే కనబడుతున్నాయి.

నాలుగు నెలలకు చెల్లెలి గృహప్రవేశం వచ్చింది. చుట్టాలకు పెట్టడానికి ఇరవై చీరలు కావాలి. "వస్తవా అక్కా?" అని భయంభయంగా అడిగింది. వెళ్లాను. కొట్లో కాలు పెడుతూనే, ఇన్నాళ్లూ నోటికి రాని మాట అనేశాను.

"కాకా, ముందుగాల బాత్రూం యాడ?"

"అయ్యో, ఎనక మన ఇల్లే కద బిడ్డా" అని ఆయన భార్యను పిలిచాడు. ఆమె తలుపు చూపించి, మగ్గు పెట్టి వెళ్లింది. అంతే. ఆకాశమేమీ విరిగిపడలేదు.

లోపలున్న నాకు కొట్లో మాటలు వినబడుతున్నాయి. కాకా ధర చెప్పాడు. మా చెల్లెలు, "సరే కాకా, అట్లనే ఇయ్యి" అంటోంది.

నాకు ఒళ్లు మండిపోయింది. "సరే ఏందే, సరే! లేచి చెప్పులేస్కో!" అని లోపల్నుంచే అరిచాను.

కాకా పకపకా నవ్వాడు. చెల్లెలు మాత్రం లేచి గుమ్మం దాకా వెళ్లి, అక్కణ్నుంచే కేకేసింది.

"నువ్వు మెల్లగ రా అక్కా. నువ్వొచ్చే దాంక నేను చెప్పులు తొడుక్కుంటనే ఉంటా."