అన్న పేరు మీద ముప్ఫై మూడేళ్లు

కలకత్తా పక్కన బడ్జ్ బడ్జ్‌లో ఓ జూట్ మిల్లు కూలి లైన్లలో ఉండే దాలమ్మకి మొగుడు పోయి రెండు నెలలయింది. పోయినవాడు అప్పలసూరి. కాగితాల్లో పోయినవాడు మాత్రం జగన్మోహన్. ఈ రెండు పేర్ల మధ్యా ఇరుక్కుని, దాలమ్మకి రావలసిన వితంతు పింఛను నెలకి వెయ్యి రూపాయలు ఆగిపోయింది.

వెయ్యి రూపాయలు కూడా ఒక లెక్కేనా అనేవాళ్లుంటారు. వాళ్లు ఒక్క నెల దాలమ్మ గదిలో ఉండి చూడాలి. అరవై ఆరేళ్ల మనిషి. మొన్నమొన్నటిదాకా మూడిళ్లలో అంట్లు తోమేది, మోకాళ్లు మొరాయించాక ఒక్క ఇల్లే మిగిలింది. పిల్లలు పుట్టారు గానీ దక్కలేదు. ఆ వెయ్యీ వస్తే గది అద్దె, బీపీ మాత్రలు గడిచిపోతాయి. రాకపోతే ఎవరి గుమ్మం ముందో చెయ్యి చాపాలి. ఆ పని ఆవిడకి ఈ జన్మలో చేతకాదు.

వాళ్లది శ్రీకాకుళం వైపు సముద్రం ఒడ్డున ఊరు. మిల్లుకి ముందు వచ్చినవాడు అప్పలసూరి అన్న జగన్మోహన్. మగ్గం మీద పర్మనెంటయి రెండేళ్లు తిరక్కుండానే నార దుమ్ము ఛాతీకి పట్టి ఆయాసం మొదలైంది. ఊరెళ్లి ఆర్నెల్లు ఉంటే తగ్గుతుందన్నారు. తన నంబరు వదిలేసి వెళితే ఇంకొకడు వచ్చి నిలబడతాడు. అందుకని కూలీల మేస్త్రీ అయిన సర్దారు చేతిలో పెట్టాల్సింది పెట్టి, తమ్ముణ్ని పిలిపించి, తన పేరుతో తన మగ్గం దగ్గర నిలబెట్టి వెళ్లాడు. ఆ రోజుల్లో లైన్లలో ఇలాంటివి మామూలే. మిల్లుకి కావలసింది రెండు చేతులు. అవి ఎవరివని మగ్గం అడగలేదు, మేనేజరూ అడగలేదు.

ఆర్నెల్లు కాస్తా ముప్ఫై మూడేళ్లయ్యాయి. అన్న మళ్లీ రాలేదు, తమ్ముడు మళ్లీ అప్పలసూరి కాలేదు. మిల్లు కార్డు చూసి ఓటరు కార్డు రాశారు, ఓటరు కార్డు చూసి ఆధారు ఇచ్చారు. లైన్లలో అందరికీ అతను జగనన్న, వాళ్ల బెంగాలీలో జగన్‌దా. అన్న నాలుగేళ్లు పెద్ద గనక రిటైర్మెంటు కూడా నాలుగేళ్లు ముందే వచ్చిపడింది. ఒంట్లో ఇంకా సత్తువ ఉన్న మనిషిని ఇంటికి పొమ్మన్నారు. పింఛను ఆగకుండా ఏటా నవంబరులో బ్యాంకుకి వెళ్లి, జగన్మోహన్ బతికే ఉన్నాడని వేలిముద్ర వేసి వచ్చేవాడు. వస్తూనే "మా అన్నకి ఇంకో ఏడు ఆయుస్సు పోసొచ్చినాను" అని నవ్వేవాడు. నవ్వు మధ్యలోనే దగ్గు తెర అందుకునేది. ఆఖరికి ఆ దగ్గుతోనే పోయాడు.

పోయాక గానీ అసలు సంగతి బయటపడలేదు. పింఛను పథకం వచ్చిన కొత్తలో మిల్లు గుమస్తా పాత కార్డు ముందు పెట్టుకుని, భార్య పేరు అన్నచోట అప్పలలక్ష్మి అని దించేశాడు. అప్పలలక్ష్మి అంటే జగన్మోహన్ భార్య, దాలమ్మకి తోటికోడలు. అప్పలసూరికి చదువు రాదు. వచ్చినా నోరు మెదిపేవాడు కాదు, మెదిపితే నంబరే పోయేది. అలా దాలమ్మ అనే మనిషి ఆ మొగుడి కాగితాల్లో ఎక్కడా లేకుండా పోయింది. నలభై అయిదేళ్లు అతనికి వండి పెట్టింది, అతని దుమ్ము బట్టలు ఉతికింది, చివరి రాత్రి వీపు రాస్తూ కూర్చుంది. వీటిలో ఏ ఒక్కదానికీ రసీదు లేదు.

యూనియన్ ఆఫీసులో కాగితాలు రాసిపెట్టే శ్యామసుందర్ తెలుగువాడే. ఉన్నమాట చెబితే కొత్తగా వచ్చేది మాట అటుంచి, ఇన్నేళ్లూ తీసుకున్నదంతా కక్కమంటారని అన్నాడు. ఇంకొక దారే ఉంది. అప్పలలక్ష్మి కలకత్తా రావాలి, తన మొగుడు పోయాడని ఆఫీసులో చెప్పాలి, పింఛను తన పేర పెట్టించుకుని నెలనెలా దాలమ్మకి పంపాలి. జగన్మోహన్ చూస్తే ఊళ్లో నిక్షేపంగా ఉన్నాడు. బతికున్న మొగుణ్ని పోయాడని చెప్పమని ఏ ఆడదాన్ని ఏ నోటితో అడగాలి? దాలమ్మ వారం రోజులు ఫోను చేతిలోకి తీసుకోవడం, మళ్లీ పెట్టెయ్యడం. చివరికి శ్యామసుందరే ఫోను చేసి చెప్పేశాడు. అప్పలలక్ష్మి ఒక్కమాటతో తేల్చేసింది.

"ఓ మాటంతే మనిషి సచ్చిపోతాడేటి? వస్తన్నాం."

అన్నట్టే ఇద్దరూ రైలు దిగి తిన్నగా ఆఫీసుకే వచ్చారు. జగన్మోహన్‌ని ఊళ్లో ఉండిపొమ్మని శ్యామసుందర్ చిలక్కి చెప్పినట్టు చెప్పినా వినలేదు. పింఛను ఆఫీసు మెట్ల దగ్గర తోటికోడలి మొహం చూసి దాలమ్మ ఆగిపోయింది. నుదుట బొట్టు లేదు. చేతులకి గాజులు లేవు.

"మీ బావే తియ్యమన్నాడే" అంది అప్పలలక్ష్మి, చూపు తిప్పుకుంటూ.

దాలమ్మ వెనక్కి వెళ్లిపోదామని రెండు మెట్లు దిగింది కూడా. కింద బల్ల మీద, తలకి తువ్వాలు చుట్టుకుని డెబ్భై నాలుగేళ్ల జగన్మోహన్ కూర్చుని ఉన్నాడు. తమ్ముడి భార్యతో ఎదురుగా మాట్లాడే అలవాటు వాళ్ల ఇళ్లలో లేదు. నలభై అయిదేళ్లలో ఆయన ఆవిణ్ని పేరు పెట్టి పిలిచిందే లేదు. ఇవాళ పిలిచాడు.

"దాలమ్మా, ఆడు నా మగ్గమూ మోసినాడు, నా దగ్గూ మోసినాడు. సచ్చింది నానే. లోపలికెల్లి అలాగే సెప్పండి."

దాలమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుని మెట్లెక్కింది.

లోపల కౌంటరులో ఉన్నది ఓ బెంగాలీ అమ్మాయి, మర్యాద తెలిసిన పిల్ల. ఇద్దరు ముసలివాళ్లని చూసి, భర్త పోయినావిడ ఎవరని అడిగింది. అప్పలలక్ష్మి చెయ్యెత్తింది. ఆ పిల్ల వెంటనే లేచి ఒక కుర్చీ తెచ్చి ఆవిణ్ని కూర్చోబెట్టింది, మంచినీళ్లు ఇచ్చింది, బాధపడకండి మాసీమా అని, సొంత పిన్నిని ఓదార్చినట్టు భుజం మీద చెయ్యేసింది. దాలమ్మ పక్కనే నిలబడింది. రెండో కుర్చీ లేదు.

ఎలా పోయారని అడిగింది ఆ పిల్ల. అప్పలలక్ష్మికి బెంగాలీ రాదు. వచ్చినా ఆ జవాబు ఆవిడకి తెలియదు. గ్లాసు రెండు చేతులతో పట్టుకుని, బయట బల్ల మీదున్న మనిషిని తలుచుకుందో ఏమో, తల దించుకుంది. ఇక దాలమ్మే చెప్పాల్సి వచ్చింది. శ్రావణంలో దగ్గు ముదరడం, ఆసుపత్రిలో మూడు రాత్రులు, ఇంటికి తీసుకుపొమ్మంటే తీసుకురావడం, తెల్లవారుజామున టీ అడగడం, టీ కాచి తెచ్చేసరికి మనిషి లేకపోవడం. తనకొచ్చిన బెంగాలీలో అంతా చెప్పింది. ఇంత వివరంగా ఇప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు. ఎవరూ అడగలేదు.

ఆ పిల్ల రాయడం ఆపి తలెత్తి, మీరు ఆయనకి ఏమవుతారని అడిగింది.

దాలమ్మ ఆ కుర్చీ వంక చూసింది. ఒక్క నిజం చెబితే చాలు, ఆ కుర్చీ తనదవుతుంది. దాంతో పాటే వెయ్యి రూపాయలూ పోతాయి. ఇన్నేళ్లూ మోసిన ఆ మనిషి కష్టానికి దొంగతనమనే పేరు మిగులుతుంది. అప్పలలక్ష్మి తలెత్తి ఆవిడ వంకే చూస్తోంది. ఆ కళ్లలో నీళ్లు.

"ఛోటో భాయేర్ బౌ" అంది దాలమ్మ. తమ్ముడి పెళ్లాన్ని.

అయితే సాక్షి మీరే అవండి, ఇంకొకరిని వెతికే పని లేదని ఆ పిల్ల కాగితం ఇటు తిప్పింది. అందులో ఏముందని దాలమ్మ అడిగింది. ఆ పిల్ల ఓపిగ్గా చదివి చెప్పింది. ఈ కుర్చీలో ఉన్నావిడే పోయినాయన భార్య అనీ, ఆయనకి వేరే భార్య ఎవరూ లేరనీ, ఈ సంగతి తనకి స్వయంగా తెలుసనీ రాసి ఉందట.

సిరా డబ్బా జరిపింది. అంట్లు తోమి తోమి అరిగిన బొటనవేలు, ముద్ర సరిగ్గా పడలేదు. ఇంకోసారి, కొంచెం గట్టిగా నొక్కండి మాసీమా అంది ఆ పిల్ల. దాలమ్మ గట్టిగా నొక్కింది.