సినిమా పాదిరి ఒప్పుకోలు

మా నర్సింగ్ హోమ్‌లో తోట వైపు గదిలో ఉండే పెద్దాయనది మెక్సికో. జీవితమంతా సినిమాల్లో చిన్న వేషాలు వేశారు. ముఖానికి ముసుగు తొడుక్కున్న మల్లయోధులు దయ్యాలతో కుస్తీ పట్టే సినిమాలు ఒకప్పుడు ఆ దేశంలో బాగా ఆడేవట. వాటిలో ఆయన హీరో కాదు, విలనూ కాదు. ఇంటర్వెల్ లోపే చచ్చిపోయే మనిషి.

నేను సినిమా ఎరగని ఇంట్లో పెరిగాను. బాప్తిస్మం పొందినవాళ్ళు సినిమా చూడకూడదని మా సంఘంలో కట్టడి. గుంటూరులో మందిరానికి వెళ్ళే దారిలో ఒక సినిమా హాలు ఉండేది. అది దాటేదాకా మా అమ్మ మా తలలు వంచి నడిపించేది. అలాంటిదాన్ని ఐర్లండ్‌లో షానన్ ఊరి దగ్గర నర్సుగా చేరి, ఆయన టాబ్లెట్‌లో మొదటి సినిమా చూశాను. అన్నం ముద్ద నోట పెట్టాలంటే ఆయన పెట్టిన షరతు అది. నాతో పనిచేసే వరంగల్ అమ్మాయి తలుపు దగ్గర నిలబడి నవ్వింది.

"ఏందక్కా, దయ్యాల సినిమానా? ఆగు, వీడియో తీసి మీ పాస్టర్‌కు పంపుత!"

"పంపు తల్లీ. పేషెంట్‌కి తినిపిస్తున్నానని చెప్పు."

"తినిపిస్తున్నవా? స్పూన్ ఆయన చెవి కాడ ఉంది, చూసుకో!"

ఆయన కథంతా ఆ స్పూన్ల మధ్యే విన్నాను. మొదట స్టూడియోలో వడ్రంగి. ఒకసారి శవపేటిక చేస్తే, అందులో పడుకోవలసిన నటుడికి పొట్ట అడ్డం వచ్చిందట. "చేసింది నువ్వేగా, నువ్వే పడుకో" అన్నాడట డైరెక్టరు. అలా మొదలైంది. దొంగల ముఠాలో వెనక నిలబడేవాడు, పిచ్చి డాక్టరు దగ్గర నౌకరు, గుర్రం మీంచి పడే పోలీసు. తల నెరిశాక పాదిరి అంగీ తొడిగారు, ఇక విప్పనివ్వలేదు. దయ్యం కరిచినవాడి మంచం పక్కన మోకరించి, చెయ్యెత్తి, నీ పాపాలు క్షమించాను అని చెప్పడం, తర్వాత సీనులో తానే దయ్యం చేతిలో పోవడం.

"హీరోకి కోపం రావాలంటే నేను చావాలి, ఇహా" అనేవారు. ఇహా అంటే ఆయన భాషలో కూతురా అని.

తర్వాత ఆ సినిమాలు చూసేవాళ్ళు తగ్గారు, స్టూడియో మూతపడింది. టీవీ సీరియళ్ళలో పెళ్ళిళ్ళు చేయించే పాదిరిగా కొంతకాలం గడిచింది. ఆ వేషాలూ రానప్పుడు భార్యతో ఆమె పుట్టిన ఈ ఊరికి వచ్చేశారు. పిల్లలు లేరు. కోవిడ్ రాకముందే ఆమె కన్నుమూసింది.

కోవిడ్ మా హోమ్‌లోకి వచ్చాక ఆయనకూ పాజిటివ్ వచ్చింది. రెండో రోజుకే ఊపిరి బరువైంది. ఆయన డాక్టరును అడగలేదు, ఫాదర్‌ను పిలవమన్నారు. పాదిరితో పాపాలు చెప్పుకోవడాన్ని గుంటూరులో ఆర్.సి.ఎం. కేథలిక్కులు పాపసంకీర్తనం అంటారే, అది చేయాలి.

"సినిమాల్లో అంతమందిని క్షమించాను. నేను మాత్రం పెళ్ళయ్యాక ఒక్కసారీ చెప్పుకోలేదు. నా భార్య అడిగి అడిగి పోయింది. చెప్పుకోకుండా పోతే ఆమె ముఖం ఎలా చూడను?"

ఫాదర్‌కు డెబ్బై దాటాయి. ఆ వయసువాళ్ళు ఇల్లు కదలకూడదన్న రోజులవి. అయినా వచ్చారు, కానీ లోపలికి రానివ్వరు కదా. తోటలో కిటికీ అవతల నిలబడి ఫోన్లో మాట్లాడారు. పెద్దాయనకు చెవుడు. అద్దం మీద చెయ్యి ఆనించి ఫాదర్ అరవాల్సి వచ్చింది.

"మనసులో పశ్చాత్తాపపడితే చాలు! దేవుడు చూస్తాడు!"

"ఏమంటున్నాడు?" అని నన్నడిగారు. చెవి దగ్గర వంగి చెప్పాను.

"చాలదు. చెప్పాలి. అరిచి చెప్పమంటాడా? పక్క గది ముసలమ్మకి చెవులు బ్రహ్మాండంగా పనిచేస్తాయి!" అని, దగ్గు తగ్గాక కిటికీకేసి చూశారు. "సినిమాలో నేను దయ్యం ఉన్న గదిలోకి కూడా వెళ్ళాను."

ఫాదర్ అద్దం మీద వేలితో సిలువ గీసి వెళ్ళిపోయారు. ఫాదర్ కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

మా సంఘంలో ఒప్పుకోలు వినడానికి పాదిరి ఉండడు. విశ్వాసులు ఒకరి తప్పులు ఒకరితో చెప్పుకొని, ఒకరికోసం ఒకరు ప్రార్థించాలని వాక్యం. చిన్నప్పటి నుంచి అలాగే నేర్చుకున్నాను. అందుకే అడిగాను, నాతో చెప్పుకుంటారా అని.

"నువ్వా? ఆడదానివి. మా గుడిదానివీ కావు."

"దేవుడు వింటాడు. నేను పక్కన ఉంటాను, అంతే."

"నీకు అర్థమైతే సిగ్గు."

"మీ భాషలో చెప్పండి. నాకు ఇహా తప్ప ఒక్క ముక్కా రాదు."

ఆయన నవ్వారు. ఆక్సిజన్ మాస్కు జరుపుకొని మొదలుపెట్టారు. ఎంతసేపు చెప్పారో తెలియదు. మధ్యలో ఏడ్చారు, ఒకచోట ఎవరి మీదో కోప్పడ్డారు. భార్య పేరు వినిపించింది. గ్లవ్స్‌లో నా చెయ్యి ఆయన చేతిలోనే ఉంది.

అయిపోయాక నావైపు చూస్తూ ఉండిపోయారు. ఆయన దేనికోసం చూస్తున్నారో నాకు తెలుసు. చెయ్యెత్తి, నీ పాపాలు క్షమించాను అనాలి. కానీ ఆ మాట మనిషి నోట రాకూడదు. అది ప్రభువు ఒక్కడి మాట. నేను ప్రాణంలా నమ్మేది అదే. అందుకని తల వంచి, నాకు వచ్చిన భాషలో, ఈయన మీద కనికరపడు తండ్రీ అని గొంతు పగిలేలా ప్రార్థించాను. ఆమెన్ ఒక్కటే ఆయనకు అర్థమైంది. తానూ అన్నారు.

"చెప్పావా?"

"అడిగాను. ప్రభువు నమ్మదగినవాడు, క్షమిస్తాడు."

"పాదిరి అడగడు, ఇహా. చెబుతాడు" అని మెల్లగా అని, గోడవైపు తిరిగారు.

మర్నాడు నేను డ్యూటీకి వచ్చేసరికి మంచం మీద దుప్పటి లేదు. వరంగల్ అమ్మాయి పీపీఈ గౌనులోనే గోడకు ఆనుకొని కూర్చుంది.

"పొద్దుగాల టీ టైముకు పోయిండక్కా. నేనే ఉన్న."

"ఏమైనా అన్నారా?"

"నీ గురించే, నర్సు వచ్చిందా అని అడిగిండు. వస్తది, దారిల ఉంది అన్న. మల్ల అడగలే."

ఎందుకు అడిగారో నాకు తెలియదు. క్షమించానన్న ఆ మాట కోసమే అయితే, వేళకు వచ్చి ఉన్నా నేను అనలేను. ఊరికే చెయ్యి పట్టుకోవడానికైతే, నేను లేను. ప్రభువు విన్నాడని నమ్ముతున్నాను, ఆ నమ్మకంలో నాకు సందేహం లేదు. పెద్దాయన కూడా నమ్మి పోయారా అన్నదే తెలియదు.

చనిపోయినవారి కోసం మా సంఘంలో ప్రార్థన చెయ్యరు. పోయాక అడగడానికేమీ ఉండదని బోధ. పొద్దున్నే మోకరించి నా పిల్లల కోసం, అమ్మ కోసం, హోమ్‌లో మిగిలినవాళ్ళ కోసం గదుల వరసలో ప్రార్థిస్తాను. తోట వైపు గది వచ్చేసరికి నోరు ఆగిపోతుంది. కాసేపు అలాగే ఉండి, తర్వాతి గదిలోవాళ్ళ కోసం ప్రార్థన మొదలుపెడతాను.