దండోరా వేసినట్టు రాసిన కాగితం

బేతంచెర్ల దగ్గరి మా ఊళ్లో, తలారి లంచం తిని గుట్టను అప్పగించాడని ఇప్పటికీ చెప్పుకుంటారు. అతను ఎర్రగుంట్ల వైపు వలసపోయి అక్కడే చనిపోయాడు. లంచం మాట అబద్ధం. అప్పుడు ఊరి కరణం నేనే.

పంతొమ్మిది వందల యాభైల్లో మా నాన్న పోయాక కరణీకం నాకు వచ్చింది. ఆయనకో పద్ధతి ఉండేది. ఊరి రిపోర్టులకు, తప్పెట కొట్టి దండోరా వేసే తలారి వేలిముద్ర కావాలి. చేలో ఉన్న మనిషిని మాటిమాటికీ పిలవడమెందుకని, ఖాళీ కాగితాల మీద ముందే ముద్రలు వేయించి పెట్టెలో ఉంచేవాడు. తలారికీ అదే సుఖంగా ఉండేది. నేనూ అలాగే చేశాను.

ఊరి గొర్రెలన్నీ మేసే గుట్టలో నాపరాయి తవ్వుకుంటానని పట్నం షావుకారు ఒకాయన అర్జీ పెట్టాడు. దండోరా వేయించి, అభ్యంతరాలుంటే నెలలోపు రాయించుకుని పంపమని తాలూకా కచేరీ నుంచి నాకు ఉత్తరం వచ్చింది. పక్కన పెట్టి మరిచిపోయాను. గడువు దాటాక రెవెన్యూ ఇన్‌స్పెక్టరు వచ్చి రిపోర్టు ఏదని కసిరాడు. పెట్టె తెరిచి ముద్ర ఉన్న కాగితం ఒకటి తీసి, దండోరా వేశామని, ఎవరూ అడ్డు చెప్పలేదని పాత తేదీతో రాసిచ్చాను. ఆయన చదవకుండానే మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆయనకు కావలసిందీ అదేనేమోనని అనుమానం వచ్చింది. అడగలేదు.

లారీలు వచ్చాకే ఊరికి విషయం తెలిసింది. రైతులు కర్నూలు కోర్టుకు పోయారు. దండోరా లేకుండా ఇచ్చిన పర్మిట్టు చెల్లదని వాళ్ల వకీలు వాదించాడు. ఊరి ఆశంతా ఆ ఒక్క మాట మీదే. అవతలి వకీలు నేను రాసిన కాగితం తీశాడు. తలారిని బోనెక్కించి ముద్ర ఎవరిదని అడిగారు.

“నాదే సామీ. కానీ నేను తప్పెట కొట్టలేదు.”

కోర్టులో నవ్వారు. తర్వాత నన్ను పిలిచారు. కొట్టాడనే చెప్పాను. దావా పోయింది.

ఆ రోజు నుంచి ఊరంతా అతన్ని కనిపెట్టి చూడసాగింది. అతని భార్య కొత్త చీర కడితే ఎక్కడిదని ఆరా తీశారు. రోజూ జొన్నసంగటి తినే వాళ్లింట్లో వరన్నం వండితే వాసన మీద కూడా చర్చ నడిచింది. టీ అంగడి దగ్గర ఒక రైతు అందరూ వినేట్టు అడిగాడు. “ఏమప్పా, తప్పెట యాడ కొట్టినావు? షావుకారు చెవిలోనా?” నేను అక్కడే ఉన్నాను. అందరితో పాటు నవ్వాను.

వారం తిరక్కుండానే తలారి మా ఇంటికి వచ్చి వాకిట్లో నిలబడ్డాడు. తిడతాడనుకున్నాను. తిట్టలేదు.

“నా ముద్రలుండే కాయితాలు ఇంగా యెన్ని ఉండాయి సామీ?”

ఒక్కటీ లేదన్నాను. అతను నా వెనకనున్న పెట్టె వైపు చూశాడు, నా వైపు చూశాడు, తలపాగా సర్దుకుని వెళ్లిపోయాడు. నమ్మలేదని నాకు తెలుసు.

అతను వీధి మలుపు తిరగగానే పెట్టెలో మిగిలిన ముద్రల ఖాళీ కాగితాలన్నీ తీసి పొయ్యిలో వేశాను. అతను చెప్పింది నిజమని చూపించడానికి ఉన్న సాక్ష్యం అవే. అప్పీలుకు అప్పటికి ఇంకా గడువుంది.