ఆయి చెప్పిన సినిమా

పక్కవాటాలో సాయంత్రం ఎండుకొబ్బరి, నువ్వులు, ధనియాలు విడివిడిగా వేయించారు. ఆ వాసన ఇంకా మా గది వదల్లేదు. ఒళ్లో బాబు జ్వరం తగ్గి ఇప్పుడే కళ్లు మూశాడు. వాడి నుదుటి మీద చెయ్యి పెట్టి చూడటం, తీయటం, మళ్లీ పెట్టటం, ఈ మధ్య నాకు ఇదే పని. పాలామె లచ్చమ్మ బర్రెకు దాణా కొనాలని ముందుగానే డబ్బు తీసుకుంది. ఆ తర్వాత పాలూ రాలేదు, ఆమె కూడా రాలేదు. రేపు పొద్దున వస్తానని ఎవరితోనో కబురంపింది. ఏ మాట అంటే ఆమెకు తగులుతుందో, పొద్దుటి నుంచి మనసులో నూరుకుంటూనే ఉన్నాను. కాలేజీలో చదువుకున్న మాటలన్నీ ఇందుకే పనికొచ్చేలా ఉన్నాయి. అప్పుడు వచ్చింది ఆ వాసన. వరంగల్లు మట్టెవాడలో మా పుట్టింటికి ఎదురుగా ఉండే ఆయి వంటిల్లు కళ్ల ముందు నిలిచింది.

ఆయి అంటే మరాఠీలో అమ్మ. ఆమె అసలు పేరు గంగూబాయి అని మాకు చాలా ఆలస్యంగా తెలిసింది. ఆమె, ఆమె భర్త తాత్యా, నాందేడు వైపు నుంచి రైల్వే పని వెంట వరంగల్లు వచ్చి, ఆ పని పోయాక కూడా ఇక్కడే ఉండిపోయారు. పిల్లలు లేరు. రెండు గదుల పెంకుటింట్లో ఖానావళి నడిపేవారు. నెలకింత అని కట్టి రెండు పూటలా భోంచేసే చోటు అది. రైల్వే గుమాస్తాలు, కచేరీలో రాతపని చేసే ముహర్రిర్లు, మిల్లులో పనిచేసే ఒంటరి మగవాళ్లు నేల మీద వరసగా పీటలు వేసుకుని కూర్చునేవారు. జొన్నరొట్టె, పప్పు, కొబ్బరి మసాలా కూరిన వంకాయ. అప్పటికే ఇద్దరి తలలూ ముగ్గుబుట్టలు. తాత్యాకు మోకాళ్ల నొప్పి, ఆయికి పొగ వల్ల కళ్ల మంట. అయినా ఆ ఇంట్లో "అయిపోయింది" అన్న మాట నేనెప్పుడూ వినలేదు. రొట్టెలు అయిపోతే "పెనం మీదున్నది, ఇగ వస్తాంది" అనేది. అప్పుడు లేచి పిండి కలిపేది.

బడి నుంచి రాగానే నేను ఆ వంటింటి గడప మీద చేరేదాన్ని. ఒక నెలాఖరున చూశాను. డబ్బు కట్టలేక మొహం చాటేస్తున్న ఒక ముహర్రిర్ వచ్చి పంక్తి చివర, గోడకు అతుక్కుని కూర్చున్నాడు. ఆయి పళ్లెం తీసుకుని అందరినీ దాటుకుంటూ పోయి ముందు అతనికి వడ్డించింది. తాత్యాకు ఒళ్లు మండింది. వంటింట్లోకి వచ్చి గొంతు తగ్గించి అన్నాడు.

"కట్టినోళ్లు కూసున్నరు. కట్టనోనికి ముందు పెడ్తవా? ఇదేం న్యాయమే?"

"కట్టినోళ్లు ఆకలితోని కూసున్నరు. ఆయన సిగ్గుతోని కూసున్నడు. ఆకలి జరసేపు ఆగుతది, సిగ్గు ఆగదు. లేసి పోతడు."

"ఇట్లయితే ఇది ఖానావళి కాదు, ధర్మశాల అయితది."

"అయితే కానీ. నువ్వు ధర్మశాలకు దర్వాన్‌వి. పో, నీళ్లు పెట్టు."

తాత్యా గొణుక్కుంటూ పోయి నీళ్లు పెట్టాడు. అందరికన్నా ముందు ఆ ముహర్రిర్ దగ్గరే చెంబు పెట్టాడు కూడా. అతనూ ఆమె లాంటివాడే. కాకపోతే ఒప్పుకోవడానికి కాస్త సమయం కావాలి.

ఆ మంచితనమే వాళ్ల మెడకు చుట్టుకుంది. వాళ్ల దగ్గర తినే ఒకాయన కట్టెల వ్యాపారం పెడతానని మా నాన్న దగ్గర అప్పు తీసుకున్నాడు. మా నాన్న మిర్చి వ్యాపారి, బజారులో నలుగురికీ అప్పులిచ్చే సావుకారు. పూచీగా జామీను ఎవరు నిలబడతారని అడిగితే తాత్యా ముందుకొచ్చి కాగితం మీద వేలిముద్ర వేశాడు. తన పంక్తిలో తిన్నవాడు తన ఇంటివాడేనని ఆయన లెక్క. యుద్ధం రోజులు. అన్నిటి ధరలూ పైకి పోయాయి, ఆ కట్టెలాయన కనిపించకుండా పోయాడు. మిగిలింది తాత్యా వేలిముద్ర.

మా నాన్న కఠినుడు కాదు. కానీ బాకీ దగ్గర ఆయనకు చుట్టమూ లేడు, పక్కమూ లేడు. ఒకరోజు మా అరుగు మీద వాళ్లిద్దరూ మాట్లాడుకుంటుంటే తలుపు వెనక అమ్మా నేనూ విన్నాం.

"తాత్యా, నీ మీద నాకు కోపం లేదు. కని బాకీ బాకీయే."

"కాదని నేనన్ననా సేట్? నిలవడ్డది నేనే గద."

"దసరా దాక చూస్త. కాకుంటే ఇల్లు రాసియ్యాలె."

"రాసిస్త," అన్నాడు తాత్యా. లేవడానికి మోకాలు సహకరించకపోతే మా నాన్నే చెయ్యి అందించి లేపాడు. ఆ దృశ్యం ఇప్పటికీ నాకు అర్థం కాదు. ఇల్లు అడిగిన చెయ్యీ, పట్టి లేపిన చెయ్యీ ఒకటే.

ఆ ఇల్లు పోతే ఖానావళి పోతుంది. ఖానావళి పోతే ఆ వయసులో వాళ్లకు ఇంకేమీ లేదు. ఇది మా వీధిలో అందరికీ తెలుసు. అమ్మ ఎదురింటి వైపు చూడటం మానేసింది. ఆయి మాత్రం ఎప్పటిలాగే గిన్నెలో కూర పంపేది. గిన్నెను ఖాళీగా తిప్పి పంపకూడదు కదా, అమ్మ అందులో బెల్లమో పప్పో వేసి నా చేతికిచ్చేది. "నువ్వే ఇచ్చి రా. నేను పోను," అనేది.

దసరా దగ్గరపడుతుండగా స్టేషన్ రోడ్డు టాకీసులోకి ఒక మరాఠీ సినిమా వచ్చింది. తెలుగు సినిమా పెట్టెలు రావడం ఆలస్యమైందట. భాష రాకపోతేనేం, బొమ్మ కదిలితే చాలు, మా వీధి ఆడవాళ్లు బయల్దేరారు. "మనకు ఆయి ఉన్నది గద, పక్కన కూసొని చెప్తది," అన్నది పక్కింటి నర్సమ్మత్త. ఆయికి టికెట్ మా అమ్మే కొన్నది. అప్పటికి ఎన్నాళ్లుగానో ఆమెతో మాట్లాడని అమ్మ ఆ టికెట్ ఎందుకు కొన్నదో నాకు తెలియదు. మాట్లాడటానికి ఒక సందు దొరికిందనుకున్నదేమో.

ఆడవాళ్ల వైపు కట్టిన పరదా దీపాలు ఆరగానే తీసేవారు. మధ్యలో ఆయి, ఒక పక్క అమ్మ, ఇంకో పక్క నర్సమ్మత్త, ఆయి కాళ్ల దగ్గర నేను. తెర మీద ఒక పల్లె. ఒక ముసలి రైతు, అతని భార్య. బావి తవ్వించడానికి అప్పు చేశారు, బావిలో నీళ్లు పడలేదు. అంతవరకూ ఆయి ఒక్కో మాటా చెప్పుకుంటూ వచ్చింది. మేమంతా చెవులొగ్గి వింటున్నాం. అప్పుడు గుర్రం మీద సావుకారు వచ్చాడు.

ఆయి ఆగిపోయింది. తెర మీద సావుకారు పెద్ద గొంతుతో అరుస్తున్నాడు. ముసలాయన చేతులు జోడిస్తున్నాడు. పక్కన అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఏమంటాండే?" అన్నది నర్సమ్మత్త.

ఆయి గొంతు సవరించుకుంది. "మీ ఇంట్ల దీపం ఆర్పితే నా ఇంట్ల వెలుగు పెరుగుతదా, అంటాండు. ఏడాది ఆగుత, ఫికర్ చెయ్యకుండ్రి, అంటాండు."

అంతలో సావుకారు వాకిట్లో ఉన్న నీళ్ల కుండను కాలితో తన్నాడు. కుండ పగిలింది.

"మరి కుండెందుకు తన్నిండే?"

"ఇన్నొద్దులు ముసలోళ్లను తిప్పలపెట్టినందుకు ఆయన మీద ఆయనకే కోపమొచ్చిందట."

"గట్లనా! కోపం కుండ మీద తీసిండన్నట్టు." నర్సమ్మత్త ముక్కు మీద వేలేసుకుంది. సినిమా చివర ముసలి దంపతులు మూట నెత్తిన పెట్టుకుని ఊరి పొలిమేర దాటుతున్నారు.

"ఏడికి పోతాండ్రు?"

"పండరిపురం. అప్పు తీరితే వస్తమని విఠోబాకు మొక్కుకున్నరట."

"మరి ఏడ్సుకుంట పోతాండ్రేంది?"

"సంతోషమైతే ఏడువరా నర్సమ్మా? నీ బిడ్డ పెండ్లిల నువ్వు ఏడువలే?"

దీపాలు వెలిగేసరికి అమ్మ కళ్లు తుడుచుకుంటోంది. ఆయి చెయ్యి ఆమె చేతిలో ఉంది.

ఇంటికి వచ్చాక నాన్నకు అన్నం వడ్డిస్తూ అమ్మ సినిమా కథ చెప్పింది, ఆయి చెప్పినట్టే. "ఆ సావుకారి ఏడాది ఆగిండు," అన్నది చివర.

"సినిమాల సావుకారికి దుకాణం కిరాయి ఉండదే. ఆగుతడు," అన్నాడు నాన్న.

"ఆగి చెడిపోలేదు. గుర్రం మీదనే తిరిగిండు."

నాన్నకు నవ్వొచ్చింది. అమ్మ నవ్వలేదు. పప్పు గరిటె పట్టుకుని అలాగే నిలబడింది. మర్నాడు మా దుకాణం గుమాస్తా ఎదురింటికి పోయి, వచ్చే ఏడు దసరా దాకా గడువు అని చెప్పి వచ్చాడు.

ఆ ఏడాది నేను చూసినదే నాకు నిజమైన చదువు. ఆయి కొబ్బరి మసాలా వేయించి, దంచి, పొట్లాలు కట్టి రైల్వే క్వార్టర్లకు పంపేది. తాత్యా మోకాలికి గుడ్డ కట్టుకుని, అన్నం డబ్బాలు పట్టుకుని స్టేషన్ దాకా నడిచేవాడు. పొద్దున మేము లేచేసరికి రోకలి చప్పుడు, సాయంత్రం బడి నుంచి వచ్చేసరికి ఆ వాసన. ఎవరి దగ్గరా ఏడవలేదు, ఎవరినీ తిట్టలేదు, కట్టెలాయనను కూడా. మరుసటి దసరాకు ఇంకా కొంత మిగిలింది. నాన్న ఏమీ అనకుండా మరికొన్ని నెలలు ఆగాడు. చివరి బాకీ ముట్టిన రోజు ఆయి నాన్నను భోజనానికి పిలిచింది. ఆయన వెళ్లి పీట మీద, అందరితో పాటే కూర్చున్నాడు. ఆ రోజు ముందు వడ్డన ఆయనకే జరిగింది. ఎందుకో అప్పుడు నాకు తెలియలేదు.

తర్వాత నేను హైదరాబాదులో కాలేజీలో చేరాను. హాస్టలు గదిలో నాతో ఉన్న అమ్మాయిది పర్భణీ, ఇంట్లో మాట మరాఠీ. ఒక ఆదివారం అదే సినిమా మళ్లీ వచ్చిందని నన్ను లాక్కుపోయింది. సావుకారు గుర్రం దిగగానే నేను ఆమె చెవిలో, "ఇతను మంచివాడు, ఏడాది గడువిస్తాడు," అన్నాను. ఆమె నన్ను వింతగా చూసింది. "గడువా? నీ చితి మీది కట్టెలు కూడా జప్తు చేస్తానంటున్నాడు," అన్నది. ఆ ముసలివాళ్లు పండరిపురం పోవడం లేదు. ఇల్లు పోయి, ఊరు విడిచి పోతున్నారు.

సెలవులకు ఇంటికి రాగానే సంచీ అరుగు మీద పడేసి ఆయి వంటింటికి పరుగెత్తాను. ఆమె నువ్వులు వేయిస్తోంది.

"ఆయీ, సినిమా అంతా అబద్ధం చెప్పినవు గద!"

ఆమె పెనం దించకుండానే నవ్వింది. "హైదరాబాదుల గిదే నేర్పిండ్రానే నీకు?"

"నాన్న గడువిస్తడనే అట్ల చెప్పినవా?"

"అంత తెలివే నాకుంటే తాత్యాను జామీను నిలవడనిస్తనా?" నువ్వులు పళ్లెంలోకి ఒంపి, చేతులు తుడుచుకుంది. "సావుకారి అరుస్తాంటే మీ అమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నది. నాకు టికెట్ కొని, నా పక్కనే కూసొని, మొగుని పనికి నా ముందట తలకాయ వంచుకున్నది. ఆడ అప్పున్నది నాకు, సిగ్గు ఆమెకు. నేనేం జెయ్యాలె బిడ్డా? చేతికొచ్చిన మాట పెట్టిన."

పంక్తి చివర గోడకు అతుక్కుని కూర్చున్న ముహర్రిర్ నాకు గుర్తొచ్చాడు. అతని పళ్లెంలో రొట్టె, మా అమ్మ చెవిలో ఆ మాట.

ఇంటికి వచ్చి అమ్మకు చెప్పబోయాను. అమ్మ బియ్యంలో రాళ్లు ఏరుతూ తల ఎత్తకుండానే అన్నది. "తెలుసు."

"ఎప్పటినుంచి?"

"కుండ తన్నినప్పటి సంది. కుండ తన్నినోడు ఏడాది ఆగుతడానే పిచ్చిదానా? ఆమె అంతమందిల నా మానం నిలబెట్టింది. నేను ఆమె ఇల్లు నిలబెట్టకుంటే ఎట్ల?"

తాత్యా నా పెళ్లికి ముందే పోయాడు. ఆయి బాబు పుట్టాక ఒకసారి వచ్చి, వాణ్ని కాళ్ల మీద పడుకోబెట్టుకుని నూనె రాసి వెళ్లింది. అదే చివరిసారి. పోయిన చలికాలంలో, ఖానావళి పంక్తి లేచాక, గోడకు ఆనుకుని కూర్చున్నది అలాగే పోయిందట. నా దగ్గర ఆమెది వస్తువేదీ లేదు. గిన్నెలన్నీ ఎప్పటికప్పుడు తిరిగి వెళ్లిపోయాయి.

బాబు కదిలాడు. చెయ్యి పెట్టి చూశాను, చల్లగానే ఉంది. రేపు లచ్చమ్మ వస్తుంది. మా గడప దాకా వచ్చి, లోపలికి రాలేక, చెంబు కొంగులో దాచుకుని నిలబడుతుంది. పాలు ఎందుకు తేలేదని నేను అడగాల్సిందే, బాబుకు పాలు కావాల్సిందే. కానీ ముందు పీట వేస్తాను, చాయ్ పెడతాను. ఆమె చాయ్ తాగేదాకా బాకీ ఆగుతుంది.