నలభై రెండు తలలు, ఎనిమిది నిమిషాలు

కన్నవాళ్ళు పెట్టిన పేరు ఆవిడకి ఒకటుంది గానీ, అది గుర్తింపు కార్డు మీద తప్ప ఎక్కడా పనికిరాలేదు. టూరు కంపెనీలో అందరికీ ఆవిడ మైకక్క. పొద్దున ఏడున్నరకి బస్సెక్కి మైకు పట్టుకుందంటే మళ్ళీ చీకటిపడ్డాక జనాన్ని దింపేటప్పుడే వదలడం. గుహలో వేల ఏళ్ళ నాటి చేతిముద్రలు, గాలీ వానా తొలిచిన రాతి తోరణం, ఆఖర్న జలపాతం. పంతొమ్మిదేళ్ళుగా అవే రాళ్ళు, అవే నీళ్ళు, అవే మాటలు.

"నిద్రలో కూడా 'మీ ఎడమవైపు చూడండి' అంటున్నావే!" అని ఏడిపిస్తాడు మొగుడు, కుట్టుమిషను తొక్కుతూ.

"చూశారా మరి?"

"చూశాను. గోడ ఉంది."

మైకక్క గొప్పంతా మాటల్లో కాదు, లెక్కలో ఉంది. పంతొమ్మిదేళ్ళలో ఒక్క మనిషిని కూడా ఎక్కడా వదిలిపెట్టి రాలేదు. దానికో కారణముంది. ఏడుగురు పిల్లల్లో ఆవిడ ఐదోది. ఆరేళ్ళప్పుడు ఊరెళ్తూ ఇంట్లోవాళ్ళు ఆవిడని రైలు స్టేషన్లో మర్చిపోయి వెళ్ళిపోయారు. రెండు గంటలు పెద్ద గడియారం కింద నిలబడింది. వెనక్కొచ్చిన వాళ్ళమ్మ ముందు ఒక్కటి వేసి, తర్వాత కావలించుకుని ఏడ్చింది. ఆ దెబ్బ మర్చిపోయింది గానీ ఆ గడియారాన్ని మర్చిపోలేదు. అందుకే బస్సు కదిలే ముందు చూపుడు వేలు గాల్లో ఆడిస్తూ ముందు నుంచి వెనక్కి ఒకసారి, వెనక నుంచి ముందుకి ఇంకోసారి లెక్కపెడుతుంది. రెండూ కలిస్తేనే "రైట్ రైట్".

పేర్ల జాబితా చూసి టిక్కులు పెట్టమని ఆఫీసువాళ్ళు ఎన్నిసార్లో చెప్పారు. "పేర్లు పిలవడానికి ఇదేమన్నా బడా సార్? తల లెక్క తప్పదు" అనేది. నిజంగానే ఏనాడూ తప్పలేదు. ఆ రోజు కూడా తప్పలేదు, అదే వచ్చిన చిక్కు.

ఆ రోజు బస్సుకి నలభై రెండు మంది. ఎక్కేటప్పుడు గోధుమరంగు సంచీ ఒడిలో పెట్టుకున్న ఒకావిడ, "జలపాతం దగ్గర ఎంతసేపు ఆపుతారమ్మా?" అని అడిగింది. మైకు వైరు చిక్కు తీసుకుంటున్న మైకక్క తల తిప్పకుండానే "గంట" అంది.

గుహలో పని సాఫీగా సాగింది. "ఈ చెయ్యి ముద్రేసినాయన ఇప్పుడు లేడు, చెయ్యి మాత్రం మనకి వదిలేశాడు. మీరు మీ చెయ్యి వదలకండి, ఇంతమందీ ముద్రలేస్తే గోడ చాలదు" అంటే ఎప్పట్లాగే నవ్వారు. పన్నెండున్నరకి రాతి తోరణం దగ్గర భోజనాలకి ఆగారు.

అక్కడే కంపెనీ రెండో బస్సు కూడా ఆగుతుంది. అది పొద్దున్నే జలపాతం చూసుకుని ఎదురు దోవలో వస్తుంది. మధ్యాహ్నం గుహకి పోతుంది. రెండూ పసుపు రంగువే, ఒకే తీరువి, పక్కపక్కనే నిలబెడతారు. ఆ బస్సుకి గైడు మూడు నెలల కిందట చేరిన కొత్తమ్మాయి.

బయల్దేరాల్సింది రెండింటికి. ఒంటిగంటా యాభై అయ్యేసరికే బస్సు నిండిపోయినట్టు కనిపించింది. మైకక్క వేలు ఆడించింది. నలభై రెండు. వెనక నుంచి మళ్ళీ. నలభై రెండు.

"అందరూ వచ్చేశారు తమ్ముడూ, ఇంకెందుకు ఎండలో మాడటం? రైట్ రైట్!"

డ్రైవరు గడియారం చూశాడు. "ఎనిమిది నిమిషాలు ముందున్నామక్కా."

"ఉంటే జలపాతం దగ్గర ఇంకో ఎనిమిది నిమిషాలు ఎక్కువ చూస్తారు. పద."

ముప్పావుగంట ఘాట్ రోడ్డు ఎక్కాక, ఇరవై ఏడో నంబరు సీటులో కిటికీకి తల ఆనించి గురకపెడుతున్న పెద్దాయన కళ్ళు తెరిచాడు. పక్కకి చూశాడు. ఇంకోపక్కకి చూశాడు.

"ఏమ్మా, మా ఆవిడేది?"

మైకక్క నవ్వింది. "మీ ఆవిడ మీ పక్కనే ఉండాలి కదండీ తాతగారూ."

"ఉండాలి. నలభై నాలుగేళ్ళుగా ఉంది. ఇప్పుడు లేదు." పెద్దాయన సీటు కింద తడుముకున్నాడు. "నా గొడుగూ లేదు. సీటు నంబరు నాదే గానీ... ఇది నా బస్సేనా?"

బస్సంతా గొల్లుమంది. మైకక్క మాత్రం మళ్ళీ లెక్క వేసుకుంది. ఈయన ఇక్కడ ఎక్కువ. అయినా లెక్క నలభై రెండే. అంటే ఇంకెవరో తక్కువ. పైనున్న అరలో గోధుమరంగు సంచీ ఒకటి ఒంటరిగా ఊగుతోంది. ఆ సంచీ గుర్తుంది, ఆ ప్రశ్న గుర్తుంది. మనిషి మొహం మాత్రం ఎంత తన్నుకున్నా గుర్తు రాలేదు.

అంతలో ఫోను మోగింది. కొత్తమ్మాయి.

"అక్కా! ఎంతసేపట్నుంచి చేస్తున్నానో, సిగ్నలే లేదు. మా బస్సులో ఒక తాతగారు తప్పిపోయారు. వాళ్ళావిడ రాళ్ళన్నీ వెతికి ఏడుస్తోంది. ఇంకా, మీ బస్సావిడ ఒకావిడ ఇక్కడ..."

"తాతగారు నా దగ్గరే ఉన్నారు."

అటు పక్క కొత్తమ్మాయి కేక, ముసలావిడ శోకం, వెంటనే తిట్లు, అన్నీ ఒకేసారి వినిపించాయి. ఫోను పెద్దాయన చెవి దగ్గర పెడితే ఆయన "ఊఁ... ఊఁ... నిద్రొచ్చింది... ఊఁ" అని భయభక్తులతో వెనక్కిచ్చేశాడు.

"అక్కా, నాకో ఐడియా" అంది కొత్తమ్మాయి గొంతు తగ్గించి. "మీ బస్సావిడని మా బస్సులో గుహకి తీసుకెళ్ళిపోతా. సాయంత్రం ఆఫీసు దగ్గర మార్చుకుందాం. రెండు బస్సుల్లోనూ లెక్క సరిపోతుంది. ఎవరికీ తెలీదు."

లెక్క సరిపోతుంది. మైకక్కకి ఆ మాట ఒక్క క్షణం చల్లగా తగిలింది. "ఆవిడకి ఫోనివ్వు" అంది.

"పర్లేదమ్మా, గుహ మళ్ళీ చూస్తా" అంది అటునుంచి ఒక మెత్తని గొంతు. "నా ఒక్కదాని కోసం అంతమందిని వెనక్కి తిప్పకండి. జలపాతం ఇంకెప్పుడన్నా..."

"ఎప్పుడు?"

"చూద్దాంలెమ్మా" అంది ఆవిడ. ఆ 'చూద్దాంలే'లో స్టేషన్ గడియారం టిక్కుటిక్కుమంది.

"తమ్ముడూ, బస్సు తిప్పు" అంది మైకక్క.

"అక్కా, జలపాతం గేటు నాలుగింటికి మూసేస్తాడు!"

"తెలుసు. ఆ బస్సుని ఇటు రమ్మంటా, సగం దారిలో కలుద్దాం. తిప్పు."

ముందు సీటులో నల్ల కళ్ళద్దాలాయన లేచి నిలబడ్డాడు. "ఏంటండీ ఇది? ఒక్క మనిషి టైముకి రాకపోతే నలభై మందిమి తిరగాలా?"

"నేనూ ఒక్క మనిషినే కదా బాబూ" అన్నాడు పెద్దాయన. "నన్నూ దింపాలి. లేకపోతే మా ఆవిడ మిమ్మల్ని కూడా తిడుతుంది, ఆవిడ నోరు మీకు తెలీదు."

నవ్వుల్లో గొడవ సర్దుకుంది గానీ, "టైముకి రాకపోతే" అన్న మాట అక్కడే ఉండిపోయింది. మైకక్క చేతిలో మైకుంది. 'ఆవిడ లేటు కాదు, నేనే ముందు బయల్దేరదీశాను' అనడానికి ఒక్క ఊపిరి చాలు. పంతొమ్మిదేళ్ళు గడగడా వాగిన నోరు ఆ ఒక్కదానికి పెగల్లేదు.

చిన్న వంతెన దగ్గర రెండు బస్సులూ ఎదురెదురుగా ఆగాయి. పెద్దాయన దిగాడు. ముసలావిడ గొడుగుతో ఆయన భుజం మీద ఒకటేసి, అదే గొడుగు విప్పి ఆయనకే పట్టింది. అటునుంచి సన్నగా, బూడిదరంగు చీరలో ఒకావిడ వచ్చింది. యాభై దాటి ఉంటుంది. ఈసారి మైకక్క ఆవిడ మొహం చూసింది. ఎడమ కనుబొమ మీద చిన్న మచ్చ ఉంది. పొద్దుట్నుంచీ తన బస్సులోనే ఉన్న మచ్చ.

ఆవిడ ఎక్కగానే నల్ల కళ్ళద్దాలాయన "పెద్దవాళ్ళు, మీరే టైము పాటించకపోతే ఎలాగండీ?" అన్నాడు. వెనక నుంచి ఎవరో "మా జలపాతం పాయె" అన్నారు. ఆవిడ తలొంచుకుని, సంచీ దించుకుని ఒళ్ళో పెట్టుకుంది. మైకక్క తేలు కుట్టిన దొంగలా ముందు సీటులో రోడ్డు చూస్తూ కూర్చుంది. దారిపొడవునా ఒక్కసారి కూడా "మీ ఎడమవైపు" అనలేదు.

డ్రైవరు రెక్కలు కట్టుకున్నట్టే నడిపాడు గానీ గేటు దగ్గరికి చేరేసరికి నాలుగూ ఏడు. గేటాయన తాళం చేత్తో పట్టుకుని ఉన్నాడు.

"రూలు రూలే మైకక్కా. నాలుగు దాటితే దిగనివ్వను. లోయలో చీకటి తొందరగా పడుతుంది, నీకు తెలీనిదా?"

"పంతొమ్మిదేళ్ళలో నిన్నెప్పుడైనా ఏమన్నా అడిగానా?"

"అడగలేదు" అని ఒప్పుకున్నాడు. గడ్డం గోక్కున్నాడు. "సగం మెట్ల దగ్గర చదునుంది చూడు, అక్కడివరకే. నాలుగూ నలభైకల్లా అందరూ వెనక్కి మెట్లెక్కడం మొదలుపెట్టాలి. వీళ్ళతో నువ్వూ దిగుతానంటేనే."

మైకక్క మోకాలు నొప్పి వల్ల ఆరేళ్ళుగా ఆ మెట్లు దిగలేదు. పైన టీ తాగుతూ కూర్చునేది. ఆ రోజు దిగింది, అందరి వెనకా కమ్మీ పట్టుకుని మెట్టు మెట్టుకీ ఆగుతూ. ఆవిడ పక్కనే, తనూ అంతే నెమ్మదిగా, బూడిదరంగు చీరావిడ దిగింది.

"మీరు ముందు వెళ్ళండమ్మా, చూడటానికి టైము తక్కువుంది."

"పర్లేదు. ఎవరో ఒకరు తోడుండాలిగా." నాలుగు మెట్లు దిగాక ఆవిడే మళ్ళీ అంది, "నేను ఆసుపత్రిలో లిఫ్టు నడుపుతానమ్మా. ఇరవై ఆరేళ్ళు. ఎనిమిది మందే ఎక్కాలి. రోజంతా తలలు లెక్కపెట్టడమే. నిన్న ఎవరెక్కారంటే చెప్పలేను. మీ లెక్కలో తప్పు లేదు, నా లెక్కా అంతే."

మైకక్క మెట్టు మీద ఆగి ఆవిడ వైపు తిరిగింది. "మీరు రెండింటికి ముందే వచ్చారు కదూ?"

"ఏడు నిమిషాలు ముందు. బాత్రూం దగ్గర క్యూ ఉంది. వచ్చేసరికి మీ బస్సు మలుపు తిరుగుతోంది. చెయ్యూపాను." ఆవిడ చిన్నగా నవ్వింది. "లేటయ్యాననే అనుకోనివ్వండి. నాకు పోయేదేముంది? వీళ్ళని మళ్ళీ చూస్తానా, పెడతానా. మీకైతే ఉద్యోగం."

చదును దగ్గరికి చేరారు. ఎదురుగా నీళ్ళు. కొండ నెత్తి మీద నుంచి తెల్లగా, విరగబడి, ఊపిరి తీసుకోకుండా పడుతున్నాయి. తుంపర మొహానికి కొడుతోంది. జనం కమ్మీ దగ్గర ఒకరినొకరు తోసుకుంటూ ఫోటోలు తీసుకుంటున్నారు. లిఫ్టావిడ అందరి వెనకా నిలబడి, భుజాల సందుల్లోంచి మునివేళ్ళ మీద లేచి చూస్తోంది.

మైకక్క ఫోను మోగింది. మేనేజరు. కళ్ళద్దాలాయన గేటు దగ్గరే ఫిర్యాదు చేసేసినట్టున్నాడు.

"ఏంటక్కా, ప్యాసింజరు లేటుగా వచ్చిందట? రిపోర్టులో అలాగే రాసేస్తా, నీకే గొడవా ఉండదు. లేటే కదా?"

ఎదురుగా బూడిదరంగు చీర వీపు. ఇంకా మునివేళ్ళ మీదే ఉంది.

"కాదు సార్."

"ఏంటి? వినపడట్లేదు. నీళ్ళ హోరు!"

"కాదంటున్నా!"

"గట్టిగా చెప్పు!"

మైకు లేదు. మైకు బస్సులో ఉంది. మైకక్క కమ్మీని గట్టిగా పట్టుకుని, గొంతు చించుకుని అరిచింది.

"ఆవిడ లేటు కాదు సార్! ఆవిడ టైముకే వచ్చింది! నేనే ఎనిమిది నిమిషాలు ముందు తీసుకొచ్చేశాను! తలలు లెక్కపెట్టాను గానీ మనుషుల్ని చూసుకోలేదు! తప్పు నాది! నాదీ!"

లోయ ఆ మాటని ఇంకోసారి పలికింది. ఫోటోలు ఆగిపోయాయి. నలభై మంది వెనక్కి తిరిగారు. అటునుంచి మేనేజరు, "రేపు ఆఫీసుకి రా, మాట్లాడదాం" అని పెట్టేశాడు. ఆ మాటకి అర్థం మంచో చెడో తెలీదు. రేపే తెలుస్తుంది.

ఎవరి మొహం చూడాలో తెలీక మైకక్క నీళ్ళకేసి చూసింది.

అప్పుడు లిఫ్టావిడ చీర కొంగు బిగించి, పొద్దుట్నుంచీ ఎవరూ వినని గొంతుతో, "కొంచెం జరగండి బాబూ" అంది. కళ్ళద్దాలాయన ఉలిక్కిపడి జరిగాడు. అద్దాలు తీసి చేత్తో పట్టుకుని, "రండమ్మా, ఇక్కడ బాగా కనిపిస్తుంది" అన్నాడు. ఆవిడ కమ్మీ దగ్గర నిలబడింది. తుంపరకి మొహం తడిసిపోతున్నా తుడుచుకోలేదు. చూస్తూ ఉండిపోయింది.

ఫోటోలయ్యాయి. ఒక్కొక్కరే మెట్ల వైపు మళ్ళుతున్నారు. లిఫ్టావిడ మాత్రం కమ్మీ దగ్గర్నుంచి కదల్లేదు. పైనుంచి డ్రైవరు చేతులు నోటికి అడ్డం పెట్టుకుని కేకేశాడు. "అక్కా! అందరూ అయిపోయినట్టే కదా! బయల్దేరదామా?"

మైకక్క గడియారం చూసుకుంది. నాలుగూ ముప్పై నాలుగు.

"చెప్పింది నాలుగూ నలభై! ఇంకా ఆరు నిమిషాలుంది!" అని పైకి అరిచి, తడిసిన మెట్టు మీద కూర్చుంది.