మాకు రెండే రంగుల కొండలు

కొండలు చూడాలన్న సరదాతో పెట్టుకున్న ప్రయాణం కాదిది. మా మేనల్లుడు భాస్కర్ రైల్వేలో అసిస్టెంట్ లోకో పైలట్ రాతపరీక్ష పాసయ్యాడు. మంగళవారం మెడికల్. వారం రోజులుగా వాడు సరిగా అన్నం తినడం లేదని మా చెల్లెలు సత్యవతి గోల పెడుతుంటే, ఆదివారం ఎక్కడికైనా తిప్పి తీసుకొస్తానని మాటిచ్చాను. ఆ సాయంత్రమే మా తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో ఒక ప్రకటన వచ్చింది. 'రంగుల కొండలు, ఉప్పు మైదానం. ఒక్క రోజులో వెళ్ళి రావచ్చు. గైడు ఉంటారు. టిఫిను, భోజనం కలిపి మనిషికి తొమ్మిది వందలు.' కింద ఫొటోలో తెల్లగా మెరిసే నేల. జంషెడ్‌పూర్ నుంచి ఒక్క రోజులో చూసొచ్చే దూరంలో ఉప్పు మైదానం ఎక్కడుందో నాకు అంతు పట్టలేదు. మా తాతలు నౌపడలో ఉప్పు మడుల్లో పనిచేసినవాళ్ళు. సముద్రం లేనిచోట ఉప్పేమిటన్న అనుమానం పీకుతూనే ఉంది, అయినా ఇద్దరికీ సీట్లు చెప్పేశాను.

ఆదివారం ఉదయం ఐదుంపావుకి బిర్సానగర్‌లో ఆటో ఎక్కి, ఆరు కావడానికి పది నిమిషాలుండగా బిష్టుపూర్‌లో దిగాం. వ్యాను అప్పటికే ఉంది. పన్నెండుమందిమి. గైడు సునీత మేడం కాలేజీలో భూగర్భశాస్త్రం చెబుతారు, సెలవు రోజుల్లో ఇలా జనాన్ని తిప్పుతారు. మా పక్క సీట్లో గౌరమ్మ కూర్చుంది. మా బస్తీ మనిషే, ఒక క్యాంటీన్‌లో వంట చేస్తుంది. నోరు ఊరుకోదు, మనసు మంచిది.

ఆరున్నరకి గమ్హరియా దాటుతుంటే నేను క్రేన్ నడిపే రోలింగ్ మిల్లు కనిపించింది. ముప్ఫై ఒక్క ఏళ్ళ సర్వీసు. భాస్కర్‌కి చూపిద్దామని తిరిగితే వాడు కళ్ళు మూసుకుని పెదవులు కదుపుతున్నాడు.

"ఏటి బాబూ, పొద్దున్నే మంత్రమా?" అంది గౌరమ్మ.

"మంత్రం కాదమ్మా, మెడికల్ పాఠం. ఒరే, నాలుగో పేజీ?" అన్నాను.

"ఉన్తీస్," అన్నాడు భాస్కర్ కళ్ళు తెరవకుండానే. ఇంట్లో ఎవరు తెలుగులో అడిగినా వాడి జవాబు హిందీలోనే ఉంటుంది.

ఇరవై తొమ్మిది. కరెక్టే.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. మా బస్తీలో ఏ పరీక్షకైనా ఒకటే పద్ధతి. ముందు వెళ్ళొచ్చినవాళ్ళు తమని అడిగినవన్నీ గుర్తు పెట్టుకొచ్చి రాసిపెడతారు, వెనక వెళ్ళేవాళ్ళు బట్టీ పడతారు. నేను మిల్లులో చేరేటప్పుడు మా నాన్న నలుగురినీ అడిగి ఒక కాగితం తయారుచేశాడు. మెడికల్‌లో డాక్టరు చుక్కల బొమ్మల పుస్తకం తెరుస్తాడు, పేజీకో అంకె చెప్పాలి. మొదటి పేజీ పన్నెండు, రెండోది ఎనిమిది, మూడోది ఆరు, అలా చివరిదాకా. నేను ఎక్కాల్లా నేర్చుకుని వెళ్ళి గడగడా ఒప్పజెప్పాను. నాన్న చేతిరాత ఉన్న ఆ కాగితానికి ఈమధ్యే ప్లాస్టిక్ తొడుగు వేయించి భాస్కర్‌కి ఇచ్చాను. చుక్కల్లో అంకె ఎలా ఉంటుందని నేనెప్పుడూ ఆలోచించలేదు. అందరూ కాగితం చూసి నేర్చుకునే వెళతారనుకున్నాను.

ఎనిమిదింపావుకి చాయిబాసాలో టిఫిను. వేడి వేడి ధుస్కాలు, బఠాణీ కూర. మన గారెకీ పూరీకీ మధ్యరకంగా ఉంటాయి ధుస్కాలు. నాలుగు తిన్నాను. భాస్కర్ ఒకటి తిని ప్లేటు పక్కన పెట్టేశాడు.

పదకొండు దాటాక నోవాముండి అవతల, గనులకి దూరంగా ఒక మలుపులో వ్యాను ఆపారు. ఎదురుగా కొండలు. దిగీ దిగగానే అందరూ "అబ్బో" అన్నారు. నేనూ అన్నాను. మేడం చెయ్యి చాపి చెప్పడం మొదలుపెట్టారు.

"కింద పచ్చగా సాల్ చెట్ల అడవి. దాని మీద ఎర్రటి పట్టీ, అది ఇనుప ఖనిజం. పైన నారింజ, పసుపు. ఆ పక్కన ఊదారంగు ఉంది చూడండి. మొత్తం ఏడు రంగులు లెక్కపెట్టొచ్చు."

నేను లెక్కపెట్టాను. రెండొచ్చాయి. ఒకటి బురద పసుపు, ఒకటి నీలిబూడిద. కళ్ళద్దాలు తుడుచుకుని మళ్ళీ చూశాను. రెండే. పట్టీ ఎక్కడుందో, అడవి ఎక్కడ ఆగిందో బోధపడలేదు. అందరూ ఫొటోలు తీసుకుంటున్నారు. ఇంత మామూలు కొండకి ఇంత సంబరమేమిటో, డబ్బు కట్టాం కదా అని మెచ్చుకుంటున్నారేమో అనుకున్నాను.

"నీకెన్ని కనబడతన్నాయిరా?" అని భాస్కర్‌ని మెల్లగా అడిగాను.

"దో," అన్నాడు. రెండు.

హమ్మయ్య అనిపించింది. ఇద్దరికీ ఒకేలా కనిపిస్తున్నప్పుడు తప్పు కొండదే అయ్యుంటుంది.

పన్నెండున్నరకి కొంచెం కిందికి దిగి, చెట్ల నీడలో భోజనాలు. పులిహోర, పెరుగన్నం, వంకాయ కూర. తిన్నాక మేడం ఒక ఆట పెట్టారు. దారిలో ఏరిన రాళ్ళు గుప్పెడు చొప్పున ఇచ్చి, ఎర్రవి ఒక ఆకు దొప్పలో, పచ్చవి ఒక దొప్పలో వెయ్యమన్నారు. చిన్నపిల్లల ఆట. మామా అల్లుళ్ళం కలిసి చకచకా వేసి, అందరికంటే ముందు చేతులెత్తాం.

గౌరమ్మ మా దొప్పల్లోకి తొంగిచూసి పడీ పడీ నవ్వింది. "ఓలమ్మా! ఇదేటి కలగూరగంప! ఎర్రయ్యీ పచ్చయ్యీ రెండిట్లోనూ ఏసేసినారు. పోనీలే, మేనమామ పోలిక వత్తే అదృష్టమంతారు. ఈడు నీ కళ్ళే పుచ్చుకున్నాడు."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. ఇంట్లోనూ ఇలాంటి నవ్వులు నాకు అలవాటే. నేను బజారునుంచి పచ్చి టమాటాలు తెస్తానని మా ఆవిడ పాతికేళ్ళుగా దెప్పుతుంది. నేను నొక్కి చూసి తెస్తాను. నొక్కకుండా దూరంనుంచే పండో కాయో ఎలా చెబుతుందో నాకిప్పటికీ తెలియదు.

మేడం మాత్రం నవ్వలేదు. మా పక్కన వచ్చి కూర్చున్నారు.

"పొద్దున వ్యాన్‌లో అంకెలు చెప్పుకుంటున్నారు కదా, అవేమిటండీ?"

కాగితం తీసి గర్వంగానే చూపించాను. ఆవిడ చాలాసేపు చూసి, తన ఫోన్‌లో ఏదో వెతికి, చుక్కల బొమ్మ ఒకటి మా ముందు పెట్టారు. "ఇందులో ఏముందో చెప్పండి."

"ఎన్నో పేజీ మేడం?" అన్నాను.

ఆవిడ నా మొహంలోకి చూశారు. "పేజీతో పని లేదండీ. ఏం కనిపిస్తోందో చెప్పండి."

చుక్కల మధ్య ఇరవై ఒకటి లాంటిదేదో అలుక్కుపోయినట్టుగా ఉంది. కాగితంలో ఇరవై ఒకటి లేనే లేదు, అందుకని ఆ మాట పైకి అనలేదు. భాస్కర్‌ కూడా, "పేజ్ నంబర్ బతాయియే న మేడం," అని పేజీ నంబరు కోసం బతిమాలాడు.

గౌరమ్మ గ్లాసు కడుక్కుంటూ మా భుజాల మీదుగా ఓ చూపు చూసింది. "డెబ్బైనాలుగు కదేటి?" అంది.

కాగితంలో తొమ్మిదో పేజీ జవాబు! నాకు మతి పోయింది. "నీకెవులు సెప్పినారు గౌరమ్మా?" అన్నాను.

"ఎవులు సెప్పడమేటి బాబూ? ఎదురుగా అంతుంటే! కనబడతంది కదా!"

ఆ మాట నా చెవిలోంచి లోపలికి దిగడానికి చాలాసేపు పట్టింది. మిగిలినవాళ్ళకి అంకె కనిపిస్తుందా? బట్టీ పట్టకుండానే? యాభై రెండేళ్ళొచ్చాయి, ఈ సంగతి నాకెవరూ చెప్పలేదే! పాపం, వాళ్ళు మాత్రం ఎలా చెబుతారు, నేను అడిగితే కదా. మా నాన్నకీ తెలియదు. పరీక్షంటే కాగితం తేవాలని తెలుసు, తెచ్చాడు. కళ్ళుండీ కబోదినని ఒక్కరోజూ అనుమానం రాలేదు నాకు.

మేడం నెమ్మదిగా చెప్పారు. ఎరుపూ ఆకుపచ్చా తేడా తెలియని చూపు కొందరికి పుట్టుకతోనే వస్తుందట. చాలావరకు తల్లివైపునుంచి కొడుకులకి దిగుతుందట. అందుకే మేనమామకీ మేనల్లుడికీ కలిసి ఉండొచ్చట. తను డాక్టరు కాదని, కళ్ళ డాక్టరుకి చూపించుకోమని అన్నారు.

రెండుంపావుకి అక్కడినుంచి బయల్దేరాం. వ్యాన్‌లో భాస్కర్ అంకెలు చెప్పుకోలేదు. నేను అడగలేదు.

మూడున్నరకి హాట్ గమ్హరియా (పొద్దున దాటిన గమ్హరియా కాదు, ఇది వేరే ఊరు) దగ్గర ఉప్పు మైదానానికి చేరాం. మట్టి తవ్వేసిన పాత గుంట ఒకటి ఎండిపోయి, చదునుగా, కళ్ళు చెదిరేంత తెల్లగా పరుచుకుని ఉంది. నేను వంగి చిటికెడు తీసి నాలిక్కి రాసుకున్నాను. ఉప్పు మడుల మనవణ్ణి కదా, నన్ను మోసం చెయ్యలేరు. మట్టి.

"పింగాణీకి వాడే తెల్లమట్టి అండీ," అన్నారు మేడం కొంచెం సిగ్గుపడుతూ. "ఉప్పు అని రాస్తేనే జనం వస్తారని ప్రకటన రాసినవాళ్ళు అలా వేశారు."

మోసమే గానీ, నాకు కోపం రాలేదు. ఆ రోజంతటిలో అందరికీ కనిపించిందే నాకూ కనిపించిన చోటు అదొక్కటే. తెలుపు తెలుపే. చెప్పులు విప్పి, పగుళ్ళు తేలిన ఆ నేలమీద నేనూ భాస్కర్ అవతలి అంచుదాకా నడిచాం.

"మామా, సబ్ యాద్ హై. నికల్ జాయేగా," అన్నాడు వాడు. అన్నీ గుర్తున్నాయి, గట్టెక్కేస్తాను అని.

ఆ మాటకి ఔననాలని నాకు ఎంత ఆశ పుట్టిందో చెప్పలేను. మా ఇళ్ళలో రైల్వే ఉద్యోగం ఎవరికీ రాలేదు. సత్యవతి కాలనీ అంతా స్వీట్లు పంచేసింది. పైగా ఆ కాగితంతో నేను గట్టెక్కాను కదా!

"నాను క్రేన్ మీదున్నప్పుడు కింద ఒకడు సెయ్యూపి సెప్తాడ్రా," అన్నాను చివరికి. "బటన్లు ఏది ఎక్కడుందో సేతికే తెలుసు. నీ ఇంజను ముందు సెయ్యూపేవోడు ఎవుడుంటాడు? దీపం ఒక్కటే ఉంతాది."

వాడు నావైపు తిరిగాడు. "ఔర్ ఆప్?" మరి నువ్వో?

ముప్ఫై ఒక్క ఏళ్ళలో నా కొక్కెం కింద ఎంతమంది నడిచి ఉంటారు! ఎవరికీ ఏమీ కాలేదు. కాలేదన్న ధైర్యం ఉదయందాకా ఉండేది, ఇప్పుడు అదే భయంగా మారింది. వచ్చిన దారినే, మా అడుగుల మీద అడుగులేసుకుంటూ వెనక్కి వచ్చాం.

చాయిబాసాలో ఐదింటికి టీ తాగి బయల్దేరాం. ఆరు కావస్తుండగా ఒక రైల్వే గేటు పడింది. పొడుగాటి గూడ్సు బండి వెళ్ళింది. గేటు ఎత్తేలోగా, పట్టాల పక్కన దూరంగా ఒక దీపం వెలుగుతూ కనిపించింది. భాస్కర్ కిటికీ అద్దం జరిపాడు.

"పీలా," అన్నాడు. పసుపు.

"నాకూ అలాగే ఉంది," అన్నాను.

గౌరమ్మ ఈసారి నవ్వలేదు. "ఎరుపు బాబూ," అంది మెల్లగా. "నిప్పులాగుంది."

వాడు అద్దం మూసేశాడు. గేటు ఎత్తారు.

ఈ యాత్రకి వెళ్ళాలనుకునేవాళ్ళకి నేను చెప్పగలిగింది తక్కువ. నీళ్ళు ఎక్కువ తీసుకెళ్ళండి. తెల్లమట్టిలో చెప్పులు జారతాయి. ఉప్పు కోసమైతే వెళ్ళొద్దు. ధుస్కాలు బాగుంటాయి. కొండల్లో రంగులెన్ని అంటే మేడం లెక్క ఏడు, మా లెక్క రెండు. ఎవరికైనా రెండే వస్తే తోటివాళ్ళని చూసి "ఆహా" అనకుండా, పక్కనున్నవాళ్ళని అడగమని నా మనవి. నేను అడక్కుండా యాభై రెండేళ్ళు గడిపేశాను.

ఏడుంపావుకి బిష్టుపూర్‌లో దిగాం. భాస్కర్ కాగితాన్ని నా చేతిలో పెట్టి, ఫోన్ తీసి వాళ్ళమ్మకి కలిపాడు. వాడు తెలుగులో మాట్లాడుతుంటే ఆశ్చర్యంగా వింటూ నిలబడ్డాను.

"అమ్మా, మంగళారం ఎల్తాను. మామ నేర్పిన నంబర్లు సెప్పను. నాకేటి కనబడితే అదే సెప్తాను... లేదమ్మా, కనబడవు. ఒట్టు."

తర్వాత ఫోన్ నా చేతికి వచ్చింది. అవతల సత్యవతి. "అన్నియ్యా, ఆడేటి ఇలగంతన్నాడు? భయంతో ఏదేదో వాగతన్నాడు గావాల. నువ్వయినా సెప్పు ఆడికి. నువ్వు పాసవ్వలేదేటి?"

ఆటోవాళ్ళు బిర్సానగర్, బిర్సానగర్ అని కేకలేస్తున్నారు. నాన్న చేతిరాత కాగితాన్ని మడవబోతే ప్లాస్టిక్ మడతపడలేదు. అలాగే జేబులోకి తోశాను.

"సత్తీ," అన్నాను, "ఆడు నిజమే సెప్తన్నాడు. నాకూ కనబడదు. రేపు మిల్లులో సెప్పేత్తాను."